ఇసామియా బజారు బడి, గౌలిదొడ్డి గురుకులం

హైదరాబాదు నగరానికి పడమట మాదాపూర్, కొండాపూర్, గచ్చిబౌలి, నానక్‌రామ్‌గూడల మీదుగా విస్తరించిన ఐటీ కారిడార్‌కు 1998 నవంబరులో ప్రారంభమైన సైబర్ టవర్స్ భవనంతో అంకురార్పణ జరిగిందన్నది అందరూ ఎరిగిన విషయమే. అదే కారిడార్ అంచున, శేరిలింగంపల్లి మండలంలోని గౌలిదొడ్డిలో, తెలంగాణ సాంఘిక సంక్షేమ గురుకుల విద్యాలయం ఒకటి ఉన్నదనీ, అందులో చదివే పిల్లల్లో అధికులు షెడ్యూల్డు కులాలకు చెందినవారనీ, అక్కడి నుంచి ఐఐటీలకూ వైద్య కళాశాలలకూ వెళ్తున్నవారు ఉన్నారనీ పత్రికలు చదివేవారికి తెలుసు. అయితే ఆ విద్యాలయాన్ని ప్రభుత్వ పథకాలలో ఒకదాని ఫలితంగా మాత్రమే చూసినంతకాలం దాని చరిత్రలో సగమే కనబడుతుంది. మిగిలిన సగం నగరానికి అటు చివర, మూసీ నది ఉత్తరపు ఒడ్డున కోఠీ దాపునున్న ఇసామియా బజారులో, అంటరానివారని సమాజం దూరం పెట్టిన కులాల పిల్లల కోసం ఆ కులాలవారే 1910లో తెరిచిన ఒక చిన్న బడిలో ఉన్నది.

ఆ బడి అవసరం ఎందుకు కలిగిందో గ్రహించాలంటే నాటి నిజాం రాజ్యంలో చదువు ఏ దారుల్లో నడిచిందో చూడాలి. దళితుల పిల్లలను బడిలో చేర్చుకోరాదని శాసించే చట్టం ఆ రాజ్యంలో ఏదీ లేకపోయినా, చట్టం చేయవలసిన పనిని ఆచారమే చేసి పెట్టింది. ఊరి బడి గుడి మంటపంలోనో, చావడిలోనో, పెద్దింటి అరుగు మీదనో నడిచేది గనుక ఆ గడప తొక్కే హక్కు లేనివారికి అక్షరం కూడా దక్కేది కాదు. ఎక్కడైనా చేర్చుకున్నా ఆ పిల్లలను వసారాలో విడిగా కూర్చోబెట్టడం, వారి పలకను దూరం నుంచే చూడడం, మంచినీళ్ల కుండను ముట్టనివ్వకపోవడం మామూలుగా ఉండేవి. వెట్టి, అనగా ప్రతిఫలం లేకుండా తరతరాలుగా చేయించుకునే నిర్బంధ చాకిరీ, పిల్లవాడు పలక పట్టే వయసులోనే అతని చేతికి పశువుల పలుపు అందించేది. వీటన్నిటికీ తోడు రాజ్యంలో పరిపాలనా భాష ఉర్దూ కావడం, 1918లో ఏర్పడిన ఉస్మానియా విశ్వవిద్యాలయంతో సహా బోధన ప్రధానంగా ఆ భాషలోనే సాగడం వల్ల, ఇంట తెలుగు తప్ప మరొకటి వినని పిల్లలకు బడి రెండు విధాల పరాయిదైంది.

ఇదే కాలంలో అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో ఇదే పని చట్టంతో జరిగింది. నల్లజాతివారికీ తెల్లజాతివారికీ రైలుపెట్టెలు, ఆసుపత్రులు, బడులు వేరువేరుగా ఉండాలనే ఏర్పాటును అక్కడ సెగ్రిగేషన్ అన్నారు. వేరుగా ఉన్నా సమానంగా ఉంటే చాలునని 1896లో ప్లెసీ కేసు తీర్పులో అమెరికా సుప్రీంకోర్టు దానికి న్యాయసమ్మతి కూడా కల్పించింది. ఆచరణలో వేరు మిగిలింది, సమానం మిగల్లేదు. తెల్లపిల్లల బడులు వాడి పడేసిన పాఠ్యపుస్తకాలే నల్లపిల్లల బడులకు చేరేవని ఆనాటి విద్యార్థులు అనేకచోట్ల గుర్తుచేసుకున్నారు. శాసనం చేసిన వెలికీ ఆచారం చేసిన వెలికీ తేడా ఉన్న మాట నిజం. శాసనాన్ని కోర్టులో సవాలు చేయవచ్చు, ఆచారం మీద దావా వేయడానికి ప్రతివాది ఎవరో తేలడమే కష్టం. ఇంత తేడా ఉన్నా రెండు చోట్లా వెలి పడినవారు ఎంచుకున్న మార్గం ఒకటే అయింది: తమ బడిని తామే కట్టుకోవడం.

హైదరాబాదులో ఆ మార్గానికి ఆద్యుడు భాగ్యరెడ్డి వర్మ. మాల కులంలో 1888 మే 22న మాదరి భాగయ్యగా పుట్టిన ఆయన, చిన్నతనంలోనే తండ్రిని కోల్పోయి, డాస్ సాంటోస్ అనే రోమన్ కాథలిక్ బారిస్టరు ఇంట పనికి కుదిరి, ఆ ఇంటి ప్రోత్సాహంతోనే చదవడం రాయడం అలవరచుకున్నారు. భాగయ్య అనే పేరును భాగ్యరెడ్డిగా మార్చినది ఆ కుటుంబపు శైవ గురువు. ఈ నేలకు మొదటి ఏలికలు ఈ ప్రజలేనన్న వాదం ఆ మార్పు వెనుక ఉన్నది. వర్మ అనే బిరుదు 1913లో ఆర్యసమాజం ఇచ్చినది. 1906లో ఆయన జగన్మిత్ర మండలి అనే సంఘాన్ని స్థాపించి హరికథలు, భజనల ద్వారా వాడవాడలా ప్రచారం ఆరంభించారు. 1911లో అది మాన్య సంఘంగానూ, తరువాతి కాలంలో ఆది హిందూ సోషల్ సర్వీస్ లీగ్‌గానూ రూపాంతరం చెందింది. ఆర్యులు రాకముందు ఈ దేశంలో ఉన్న మూలవాసుల సంతతి అన్న అర్థంలో ఆది హిందువు అనే పేరును ఆ ఉద్యమం స్వీకరించింది గనుక, అందులోని హిందూ శబ్దానికి మతం కంటే దేశమే ప్రధానమైన అర్థంగా ఉండేదని గమనించాలి. ఆ పేరు పెట్టుకున్న భాగ్యరెడ్డి వర్మే ఏటా బుద్ధ జయంతి జరిపించేవారు కూడా.

బడుల పని 1910లో ఇసామియా బజారులోనూ లింగంపల్లిలోనూ మొదలైంది. ఈ లింగంపల్లి కాచిగూడ వైపున్న నగరపు పాత పేట; ఐటీ కారిడార్ పక్కనున్న లింగంపల్లి రైల్వే స్టేషనుతో దీన్ని కలపరాదు. రెండు దశాబ్దాల్లో ఆ బడుల సంఖ్య పాతిక దాకా పెరిగి, వాటిలో రెండు వేలకు పైగా పిల్లలు చదువుకున్నారు. ఇవన్నీ ప్రాథమిక పాఠశాలలే. అమెరికాలోని నల్లజాతి హైస్కూళ్ల వంటి పెద్ద భవనాలు గాని, ప్రయోగశాలలు గాని, పట్టభద్రులైన ఉపాధ్యాయులు గాని వీటికి లేరు. ఆ రెంటినీ సరిసమానమని చెప్పడం చరిత్రకు న్యాయం కాదు. కాని ఒక బడి విలువను దాని పైతరగతితో కొలవడం కంటే అది ఎక్కడి నుంచి పిల్లవాణ్ని పైకి తెచ్చిందన్న లెక్కతో కొలవడమే ఉచితం. మొదటి తరానికి మొదటి అక్షరం అందించిన బడి, రెండో తరాన్ని మెట్రిక్ దాకా తీసుకుపోయే బడికి పునాది అవుతుంది.

ఈ బడుల్లో బోధన తెలుగులో సాగింది. తెలంగాణలో తెలుగు విద్యా వ్యాప్తిని వివరించే గ్రంథాలు సాధారణంగా 1901లో ఏర్పడిన శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషా నిలయంతో మొదలై, మాడపాటి హనుమంతరావు కృషితో 1928లో నారాయణగూడలో వెలసిన ఆంధ్ర బాలికోన్నత పాఠశాల దగ్గర ఆగి, దాన్ని ఉర్దూ రాజ్యంలో తెలుగు మాధ్యమానికి మేలుమలుపుగా వర్ణిస్తాయి. ఆ పాఠశాల గొప్పతనాన్ని తగ్గించవలసిన పని లేదు. ప్రభుత్వ గుర్తింపు లేకున్నా పుణెలోని కర్వే మహిళా విశ్వవిద్యాలయానికి అనుబంధమై తెలుగులో ఉన్నత పాఠశాల చదువు చెప్పిన సాహసం అది. అయినా అంతకు పద్దెనిమిదేళ్ల ముందే అదే నగరంలో, అంతకంటే ఎన్నో రెట్లు కఠినమైన పరిస్థితుల్లో, తెలుగులో అక్షరాలు దిద్దించిన ఆది హిందూ బడులకు ఆ కథలో ఒక పేజీ కూడా దక్కకపోవడం మన సాహిత్య చరిత్రకారుల చూపు ఏ వీధుల దాకా పోయిందో, ఏ వాడల దాకా పోలేదో తెలుపుతుంది.

నిజాం కాలపు హైదరాబాదులో కులం పేరిట విద్యాసంస్థలు, వసతి గృహాలు పెట్టడం కొత్త సంగతేమీ కాదు. 1918లో ఏర్పడిన రెడ్డి హాస్టల్ అందుకు ప్రసిద్ధమైన ఉదాహరణ. రాజబహదూర్ వెంకటరామారెడ్డి దానికి ఊపిరి పోయగా, సురవరం ప్రతాపరెడ్డి వంటి పండితుడు దాని నిర్వహణ బాధ్యత వహించారు, అక్కడ వసించిన విద్యార్థులు తరువాత రాజకీయాల్లోనూ సాహిత్యంలోనూ ముందు వరుసలో నిలిచారు. ఆ హాస్టల్ చరిత్ర సంచికలుగా, జ్ఞాపకాలుగా, జీవిత చరిత్రలుగా పుష్కలంగా అచ్చయింది. పల్లెల నుంచి వచ్చిన కులస్థుల పిల్లలకు పట్నంలో నీడ కల్పించడం అక్కడి ఉద్దేశం. ఇతర సంస్థల తలుపులు వారికి మూసి ఉండడం దానికి కారణం కాదు. ఆది హిందూ బడి మాత్రం మూసిన తలుపు ముందు పుట్టింది. ఒకే నగరంలో, ఒకే దశాబ్దంలో, పైకి ఒకే పోలికతో కనిపించే ఈ రెండు రకాల సంస్థలను ఒకే మాటతో కుల సంస్థలని పిలవడం వల్ల ఎంతో మరుగున పడుతుంది.

భాగ్యరెడ్డి వర్మ బడిని విడిగా చూడలేదు. వాడలోని తగవులు దొరల గడీకి పోకుండా వాడలోనే తీరేందుకు పంచాయతీ న్యాయస్థానాలు ఏర్పరచడం, జోగిని, మురళి వంటి ఆచారాలను, అనగా దేవుడి పేరిట ఆడపిల్లలను ఊరికి ఆస్తిగా మార్చే దురాచారాలను, రూపుమాపేందుకు మండలి స్థాపించడం, మద్యపానం మానిపించడం, చేతివృత్తుల ప్రదర్శనలు జరపడం ఇవన్నీ బడి చుట్టూ అల్లుకున్న పనులు. చదువుకున్న ఆడపిల్లను జోగినిగా మార్చడం కష్టమన్న ఎరుక ఆ రెండు పనులనూ కలిపింది. 1917 నవంబరులో విజయవాడలో జరిగిన ఆంధ్రదేశ పంచమ మహాసభకు ఆయన అధ్యక్షత వహించినప్పుడు, నాలుగు వర్ణాలకు వెలుపల ఐదవవారన్న అర్థమిచ్చే పంచమ శబ్దాన్ని తోసిపుచ్చి ఆ సభ ఆది ఆంధ్ర మహాసభ అయింది. 1922లో మద్రాసు ప్రభుత్వం ఆది ఆంధ్ర, ఆది ద్రావిడ నామాలను ఆమోదించగా, 1931 జనాభా లెక్కల్లో నిజాం ప్రభుత్వం ఆది హిందువు అనే పేరును చేర్చింది. 1930లో లక్నోలో జరిగిన అఖిల భారత ఆది హిందూ మహాసభకు అధ్యక్షులుగా వెళ్లి, లండన్ రౌండ్ టేబుల్ సమావేశంలో అణగారిన కులాల పక్షాన మాట్లాడే అర్హత డాక్టర్ అంబేడ్కర్‌కే ఉన్నదన్న తీర్మానానికి వెన్నుదన్నుగా నిలిచినవారు కూడా ఇసామియా బజారులో బడి తెరిచిన ఈయనే. 1931లో ఆయన ప్రారంభించిన భాగ్యనగర్ పత్రికలో వెట్టి మాదిగ అనే కథారచన ధారావాహికగా వచ్చింది; దళితుల జీవితాన్ని దళితుడే రాసిన తొలి తెలుగు రచనల్లో దాన్ని ఒకటిగా విమర్శకులు లెక్కిస్తారు.

ఈ ఉద్యమం ఒంటరిగా నడిచిందని గాని, లోపరహితమని గాని చెప్పడానికి వీలులేదు. న్యాయమూర్తి రాయ్ బాలముకుంద్, వామన నాయక్ వంటి సవర్ణ సంస్కర్తలు లీగ్‌కు అండగా నిలిచారు. మాలల నాయకత్వంలోని సంఘాలు అందరి పేరుతో మాట్లాడుతున్నాయన్న అసంతృప్తితో 1930ల నాటికే మాదిగలు అరుంధతీయుల పేరిట వేరు సంఘం పెట్టుకున్నారు. అరిగె రామస్వామి, బి.ఎస్. వెంకటరావు వంటి తరువాతి నాయకులకు భాగ్యరెడ్డి వర్మతోనూ పరస్పరమూ విభేదాలు ఉండేవి. ఆ ఉద్యమంలో పాల్గొన్న పి.ఆర్. వెంకటస్వామి 1955లో ఆంగ్లంలో వెలువరించిన 'అవర్ స్ట్రగుల్ ఫర్ ఎమాన్సిపేషన్' గ్రంథం ఈ తగాదాలను దాచకుండా నమోదు చేసింది గనుకనే దానికి చరిత్ర ఆధారంగా అంత విలువ కలిగింది. షెడ్యూల్డు కులాల వర్గీకరణ మీద నేటికీ సాగుతున్న వాదప్రతివాదాల మూలాలు ఆ కాలంలోనే ఉన్నాయన్నది మరువరానిది.

1930ల నడుమ నిజాం ప్రభుత్వం ఆది హిందూ బడుల నిర్వహణను తన చేతిలోకి తీసుకున్నది. చందాలు పోగుచేసి అద్దెలు, జీతాలు చెల్లించవలసిన బాధ తప్పింది కనుక ఇది విజయమే. అంటరానివారి పిల్లల చదువు రాజ్యం బాధ్యత అని రాజ్యం చేత ఒప్పించడం చిన్న గెలుపు కాదు. అదే సమయంలో బడి ఎవరిదన్న ప్రశ్నకు జవాబు మారిపోయింది. నిన్నటిదాకా ఎవరిని నియమించాలి, ఏమి చెప్పాలి, సెలవు ఎప్పుడు ఇవ్వాలి అన్నవి వాడలోని పెద్దలు కూర్చుని నిర్ణయించగా, ఇప్పుడు ఆ నిర్ణయం విద్యాశాఖ దఫ్తరుకు చేరింది. 1939 ఫిబ్రవరి 18న భాగ్యరెడ్డి వర్మ మరణించాక, ఉద్యమం రాజకీయ హక్కుల వైపు ఎక్కువగా మళ్లింది. పాతిక బడులు ప్రభుత్వ బడుల్లో కలిసిపోయి, వాటి విడి పేర్లు నగరపు జ్ఞాపకంలోంచి జారిపోయాయి. ఉద్యమానికి స్థిరమైన ఆనవాలుగా చాదర్‌ఘాట్‌లోని ఆది హిందూ భవనం మిగిలింది.

వేరు బడి విలీనమైనప్పుడు ఏమి పోతుందన్న ఈ ప్రశ్నను అమెరికా అనుభవం మరింత స్పష్టంగా చూపుతుంది. రాజధాని వాషింగ్టన్‌లో 1870లో ఒక చర్చి నేలమాళిగలో నల్లజాతి విద్యార్థుల కోసం ప్రారంభమై, 1891లో ఎం స్ట్రీట్‌కు తరలి, 1916లో కవి పాల్ లారెన్స్ డన్‌బార్ పేరు పెట్టుకున్న హైస్కూలు ఆ దేశంలోని నల్లజాతి విద్యాసంస్థలలో అగ్రగణ్యమైనది. నల్లవారు ఎంత చదివినా తెల్లవారి విశ్వవిద్యాలయాలు వారికి ఉద్యోగం ఇవ్వని రోజులు కావడంతో డాక్టరేట్లు పొందిన పండితులు సైతం హైస్కూలు ఉపాధ్యాయులుగా అక్కడికే వచ్చేవారు. బానిసగా పుట్టి, పారిస్‌లోని సొర్బాన్ విశ్వవిద్యాలయం నుంచి 1925లో డాక్టరేటు పొందిన అన్నా జూలియా కూపర్ అక్కడ ప్రధానోపాధ్యాయురాలిగా పనిచేశారు. నల్లజాతి చరిత్ర రచనకు ఆద్యుడైన కార్టర్ జి. వుడ్‌సన్ అక్కడ పాఠాలు చెప్పారు. రక్తనిధుల నిర్మాణానికి దారితీసిన పరిశోధన చేసిన డాక్టర్ చార్ల్స్ డ్రూ, సెగ్రిగేషన్‌ను కోర్టుల్లో కూలదోసే వ్యూహం రచించిన న్యాయవాది చార్ల్స్ హామిల్టన్ హ్యూస్టన్ ఆ పాఠశాల పూర్వ విద్యార్థులు. అన్యాయం వల్లనే అంతటి ప్రతిభ ఒక్క కప్పు కింద కూడిందన్నది ఆ పాఠశాల చరిత్రలోని విషాదమూ వైభవమూ కూడా.

1954 మే 17న బ్రౌన్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు వేరు బడులు రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పింది. ఆ తీర్పు న్యాయమైనదన్న విషయంలో వివాదం లేదు. దాన్ని అమలు చేసిన తీరుతోనే చిక్కు వచ్చింది. దక్షిణాది రాష్ట్రాల్లో అనేకచోట్ల కలపడం అంటే నల్లవారి బడిని మూసి, పిల్లలను తెల్లవారి బడికి పంపి, నల్లజాతి ప్రధానోపాధ్యాయుణ్ని పదవి నుంచి దించడమే అయింది. తరువాతి పదేళ్ల పైచిలుకు కాలంలో సుమారు 38,000 మంది నల్లజాతి ఉపాధ్యాయులు ఉద్యోగాలు కోల్పోయారని పరిశోధకులు అంచనా వేశారు. నగరం మొత్తం నుంచి విద్యార్థులను ఆకర్షించిన డన్‌బార్ పాఠశాల చుట్టుపక్కల పేటలకే పరిమితమై తన పూర్వ స్థాయిని కోల్పోయింది. 1916 నాటి భవనాన్ని 1970లలో కూల్చివేశారు. బడి గోడ కూలినప్పుడు దాని కింద పడి నష్టపోయినవారు ఆ గోడను కట్టినవారు కారు, ఆ గోడ వెనుక బతకవలసి వచ్చినవారు.

తెలుగు నేలలో మిగతా చోట్ల దళితుల చదువు వేరు దారుల్లో నడిచింది. ఒంగోలు కేంద్రంగా జాన్ క్లౌ నడిపిన అమెరికన్ బాప్టిస్టు మిషను, ఇతర క్రైస్తవ మిషన్లు కోస్తాలో వేలాదిమందికి అక్షరం నేర్పాయి. కాకినాడలో రఘుపతి వెంకటరత్నం నాయుడు ప్రేరణతో, పిఠాపురం మహారాజా పోషణతో దళిత బాలురకు వసతి గృహం నడిచింది. 1920 ప్రాంతంలో మద్రాసు ప్రభుత్వం నియమించిన లేబర్ కమిషనరు ఆధ్వర్యంలో ప్రత్యేక పాఠశాలలు వచ్చాయి. వీటన్నిటికీ మిషనో, జమీందారో, ప్రభుత్వమో పోషకులుగా ఉన్నారు. హైదరాబాదులోని ఆది హిందూ బడులు వీటిలో దేనికీ చెందక, ఆ ప్రజల సొంత సంఘం చేతిలో పాతికేళ్లు నిలవడం వాటి ప్రత్యేకత. నిజాం రాజ్యానికి మరో కొసన ఉన్న ఔరంగాబాదులో 1950లో అంబేడ్కర్ నెలకొల్పిన మిళింద కళాశాల కూడా ఆ స్వయంనిర్వహణ సంప్రదాయానికి చెందినదే. బడి నడిపినవారే చట్టసభకు వెళ్లిన ఉదాహరణ ఈశ్వరీబాయి. సికింద్రాబాదులో ఉపాధ్యాయురాలిగా జీవితం మొదలుపెట్టి, సొంతంగా గీతా విద్యాలయం స్థాపించి, రిపబ్లికన్ పార్టీ నాయకురాలిగా ఎల్లారెడ్డి నుంచి 1967లోనూ 1972లోనూ శాసనసభకు ఎన్నికయ్యారు.

స్వతంత్ర భారతంలో అంటరానితనాన్ని రాజ్యాంగం పదిహేడవ అధికరణం రద్దుచేసింది. ఊరి బడి తలుపు చట్టం దృష్టిలో అందరికీ తెరుచుకున్నది. అయినా ఇంట్లో చదువు చెప్పేవారు లేని, పంటకోతల కాలంలో బడి మానవలసివచ్చే పిల్లలకు ఆ తలుపు తెరిచి ఉండడం ఒక్కటే చాలదన్న గ్రహింపుతో గురుకులాలు వచ్చాయి. గురుకులమంటే ఈ సందర్భంలో భోజన వసతులతో సహా ప్రభుత్వం నడిపే ఆవాస పాఠశాల అని అర్థం. ఈ రకం పాఠశాలలకు నమూనా 1971లో పి.వి. నరసింహారావు చొరవతో నల్గొండ జిల్లా సర్వేలులో ఏర్పడింది. షెడ్యూల్డు కులాల పిల్లల కోసం ప్రత్యేకించిన సాంఘిక సంక్షేమ గురుకులాలు 1980లలో ఎస్.ఆర్. శంకరన్ అనే ఐఏఎస్ అధికారి పట్టుదలతో రూపం దాల్చాయి. వెట్టి నిర్మూలనలోనూ పేదల భూముల విషయంలోనూ జీవితాంతం పనిచేసిన శంకరన్, ఈ పిల్లలకు నాసిరకం బడి ఇవ్వరాదన్న నియమాన్ని ఆ వ్యవస్థ పునాదిలోనే పెట్టారు.

గౌలిదొడ్డి గురుకులం ఆ పరంపరలోనిది. కరీంనగర్ దాపునున్న అలుగునూరు విద్యాలయంతో పాటు దీన్ని ప్రత్యేక ప్రతిభా కేంద్రంగా తీర్చి, ప్రవేశ పరీక్ష ద్వారా ఎంపికచేసిన పిల్లలకు ఇంజనీరింగ్, వైద్య ప్రవేశ పరీక్షల శిక్షణ ఇస్తున్నారు. లక్షల రూపాయల రుసుము వసూలుచేసే కార్పొరేట్ కళాశాలల నగరంలో, కూలిపనుల కుటుంబాల పిల్లలు అవే సీట్లకు పోటీపడే స్థితికి రావడం సాధారణమైన మార్పు కాదు. 2014 మే 25న సాంఘిక సంక్షేమ గురుకులాల విద్యార్థులు మాలావత్ పూర్ణ, ఆనంద్ కుమార్ ఎవరెస్టు శిఖరాన్ని చేరినప్పుడు, పద్నాలుగేళ్లు కూడా నిండని పూర్ణ ఆ శిఖరమెక్కిన అతి పిన్న బాలికగా నమోదైనప్పుడు, ఈ పాఠశాలల పేరు దేశమంతా వినబడింది. ఈ గెలుపులన్నీ నిజమైనవే గాని, కొద్దిమంది ఎంపికైన పిల్లల ర్యాంకులతో వందలాది సాధారణ గురుకులాల తీరును కొలవడం సరికాదు. డన్‌బార్ గురించి కూడా అమెరికాలో ఇదే విమర్శ వచ్చింది. శిఖరాన్ని చూపి లోయను మరిపించవచ్చు.

అందరినీ కలిపిన చోట వెలి పోతుందన్న నమ్మకానికి ఐటీ కారిడార్‌లోనే ఎదురైన పరీక్ష ఒకటున్నది. 1974లో ఏర్పడిన హైదరాబాదు కేంద్రీయ విశ్వవిద్యాలయం గచ్చిబౌలి నేలమీదనే ఉన్నది. అక్కడ హాస్టలు నుంచి బహిష్కృతులైన ఐదుగురు దళిత పరిశోధక విద్యార్థులు ఆరుబయట నిలబెట్టుకున్న నిరసన శిబిరానికి వెలివాడ అని పేరుపెట్టారు. వారిలో ఒకరైన రోహిత్ వేముల 2016 జనవరి 17న ప్రాణాలు తీసుకున్నారు. తలుపులు చట్టబద్ధంగా అందరికీ తెరిచి ఉన్న ఉన్నత విద్యాసంస్థలో ఆ పేరు మళ్లీ రాయవలసి రావడం ఈ చరిత్రలో భాగమే. విశ్వవిద్యాలయం గేటు దాటిన తరువాత వచ్చే ఐటీ కంపెనీల్లో రిజర్వేషన్లు వర్తించవు. అక్కడి నుంచి సముద్రాలు దాటిన తెలుగువారి వెంట కులం కూడా ప్రయాణించింది. 2023 ఫిబ్రవరిలో అమెరికాలోని సియాటిల్ నగర మండలి కుల వివక్షను నిషేధించగా, అదే ఏడు అక్టోబరులో కాలిఫోర్నియా గవర్నరు అటువంటి బిల్లును తిరస్కరించడం తెలుగు సాఫ్ట్‌వేర్ కుటుంబాల్లో రెండు విధాలుగానూ చర్చకు వచ్చింది.

ప్రస్తుతం ఈ చరిత్ర మరో మలుపు దగ్గర నిలిచి ఉన్నది. షెడ్యూల్డు కులాలు, తెగలు, వెనుకబడిన తరగతులు, మైనారిటీల పేరిట విడివిడిగా నడుస్తున్న గురుకులాలను ఒకే ప్రాంగణంలోకి తెచ్చే యంగ్ ఇండియా ఇంటిగ్రేటెడ్ రెసిడెన్షియల్ స్కూళ్ల పథకానికి తెలంగాణ ప్రభుత్వం 2024 అక్టోబరు 11న రంగారెడ్డి జిల్లా కొందుర్గులో శంకుస్థాపన చేసింది. కులాల వారీగా పిల్లలను విడదీసి పెంచడం చిరకాలం సాగవలసిన ఏర్పాటు కాదన్న ఆలోచన సరైనది. అమెరికా అనుభవమూ, 1930ల హైదరాబాదు అనుభవమూ చెప్పేదేమిటంటే, కలిపే రోజున చూడవలసినవి భవనాలు, ఎకరాలు మాత్రమే కావు. ప్రిన్సిపాల్ పదవుల్లో, బోధకుల్లో ఆ పిల్లల వాడల నుంచి వచ్చినవారు ఎందరుంటారు, తల్లిదండ్రుల మాటకు పాలకమండలిలో చోటు ఎంత, ఒక కులానికి కేటాయించిన నిధుల లెక్క వేరుగా కనబడుతుందా, శంకరన్ పెట్టిన నియమం నిలుస్తుందా అన్నవి ముందే తేలవలసిన ప్రశ్నలు. వాటికి కాగితం మీద జవాబు లేకుండా జరిగే విలీనంలో నష్టపోయేది ఎప్పుడూ బలహీనమైన పక్షమే.

మరొక అవసరం కూడా తక్షణమైనది. ఆది హిందూ బడుల హాజరు పట్టీలు, చందా పుస్తకాలు, తరగతి ఫోటోలు, భాగ్యనగర్ పత్రిక ప్రతులు ఒకచోట చేరితే తప్ప ఆ బడుల పూర్తి చరిత్ర రాయడం సాధ్యం కాదు. ఇసామియా బజారు, లింగంపల్లి, చాదర్‌ఘాట్, సికింద్రాబాదు ప్రాంతాల్లో తాతముత్తాతలు ఆ బడుల్లో చదివిన కుటుంబాలు ఇప్పుడు కొండాపూర్, మియాపూర్ అపార్టుమెంట్లలోనూ, డాలస్, న్యూజెర్సీ పట్టణాల్లోనూ ఉండవచ్చు. అటువంటి కాగితం ఏది ఇంట దొరికినా పాత సామానుతో పారవేయకుండా, తార్నాకలోని రాష్ట్ర పత్ర భాండాగారానికో, ఏదైనా విశ్వవిద్యాలయ గ్రంథాలయానికో అందజేయాలనీ, మూలప్రతిని వదులుకోవడం ఇష్టం లేనివారు కనీసం నకలు ఇవ్వాలనీ, ఆ బడుల్లో చదివిన వృద్ధులు ఎవరైనా జీవించి ఉంటే వారి మాటలను ఈ ఏడే రికార్డు చేయాలనీ శ్రోతలకు విన్నపం.